మా అత్త నోట ఉన్న పేర్లు

ఎఫువా వాళ్ల అవ్వ పోయిందన్న కబురు పొద్దునపూట వచ్చింది. నేను మెస్సు కోసం ఇడ్లీ రేకులు సర్దుకుంటున్నాను. ఎఫువా మా మేడ మీది గదిలో ఉండే అమ్మాయి. ఘానా దేశం నుంచి తత్వశాస్త్రంలో పరిశోధన చేయడానికి తిరుపతి వచ్చింది. వచ్చిన కొత్తలో నా మెస్సులో భోజనానికి చేరి, తర్వాత మా ఇంటికే చేరింది. ఆ పొద్దున ఫోను ఒళ్లో పెట్టుకుని మెట్ల మీద చాలాసేపు కూర్చుంది. పోయి చివరిచూపు చూసుకునే దారి లేదు. చదువు ముగింపుకు వచ్చింది, ఇప్పుడు దేశం దాటితే మళ్లీ రానిస్తారో లేదో తెలియదు. నేను పక్కన కూర్చుని వీపు నిమిరాను. ఏడ్చి, లేచి, ముఖం కడుక్కుని వచ్చి, “పెద్దమ్మా, ఒక సెంబు నీళ్లు ఇస్తావా? తాగేదానికి కాదు,” అంది. తెలుగు నా దగ్గర నేర్చుకుంది కాబట్టి దానికి నా యాసే వచ్చింది.

పెరట్లో మునగచెట్టు కింద చెప్పులు విడిచి నిలబడింది. చెంబు వంచి కాసిని నీళ్లు నేల మీద పోసి ఒక పేరు పిలిచింది. ఆగింది. మళ్లీ కాసిని నీళ్లు, ఇంకో పేరు. నాకు ఆ భాష తెలియదు. అయినా అవి పేర్లేనని తెలిసింది. దేవుణ్ని పిలిచే గొంతు వేరు, మనుషుల్ని పిలిచే గొంతు వేరు. అన్నం వేళకు పొలంలో ఉన్నవాళ్లను గట్టు మీద నిలబడి కేకేసినట్టు పిలిచింది. చివరికి వాళ్ల అవ్వ పేరు పిలిచి, చెంబులో ఇంకా నీళ్లు ఉండగా నావైపు తిరిగింది.

“మీ పెద్దోళ్ల పేర్లు సెప్పు పెద్దమ్మా. ఇది మీ నేల. మీ వాళ్లను పిలవకుండా మా వాళ్లకే పోస్తే మర్యాద కాదు.”

“మా నాయన చెంగయ్య,” అన్నాను. నీళ్లు పోసి చెంగయ్యా అని పిలిచింది.

“మా అత్త పెంచలమ్మ. మా నాయనకు అక్క.” పెంచలమ్మా అని పిలిచింది.

“నాయనకు నాయన?”

“తెలీదు పాపా.”

“నాయనకు అమ్మ?”

“తెలీదు.”

అది చెంబు వంచి పట్టుకుని నా నోటి వైపే చూస్తోంది. నీళ్లు చెంబు అంచు దాకా వచ్చి ఆగాయి. పొయ్యి మీద పాలు పొంగుతాయని చెప్పి నేను లోపలికి వచ్చేశాను. పొయ్యి అప్పటికి వెలిగించనేలేదు. ఆ రోజు సాంబారులో ఉప్పు వేయడం మరిచిపోయాను. మెస్సుకు వచ్చే పిల్లలు “ఏం పెద్దమ్మా, మాకు రక్తపోటు ఉందని ఎవరైనా సెప్పినారా?” అని ఎగతాళి చేస్తే నవ్వలేకపోయాను.

నాకు అక్షరాలు ముసలితనంలో వచ్చాయి. మోకాళ్లు అరిగాక, చర్చి వరండాలో పెద్దవాళ్లకు చదువు చెబుతున్నారంటే, బైబిలు నా కళ్లతో నేను చదువుకోవాలని వెళ్లాను. ఎఫువా అదే రోజుల్లో తెలుగు నేర్చుకుంటోంది. మధ్యాహ్నం మెస్సు ఖాళీ అయ్యాక ఇద్దరం ఒకే వాచకం ముందు కూర్చునేవాళ్లం. “మీ అచ్చరాలన్నీ మురుకుల మాదిరి ఉండాయి,” అని విసుక్కునేది. “మురుకులైతే ఈ పాటికి తినేసి ఉందువు, సదువు,” అనేదాన్ని. ఎదురింటి రత్నమ్మ గోడ మీద నుంచి తొంగిచూసి, “మార్తక్కా, ఈ పిల్లను యాడ పట్టుకొచ్చినావే?” అంటే, ఎఫువా తల ఎత్తకుండానే “నేనే ఈమెను పట్టుకున్నా అక్కా, ఇంగ వదలను,” అనేది. వీధిలో అందరూ రత్నమ్మలా సరదాగా అనేవాళ్లు కాదు. బస్టాండులో దాని రంగు చూసి నవ్వినవాళ్లున్నారు, దాని జుట్టు ముట్టుకుని చూసినవాళ్లున్నారు. ఒకసారి నా ముంజేయి పక్కన తన ముంజేయి ఆనించి, “మన ఇద్దర్లో ఎవరు నలుపు?” అని అడిగింది. పెద్ద తేడా లేదు. చిన్నప్పుడు మా అమ్మ నన్ను తెల్లబరచాలని శనగపిండి రుద్ది రుద్ది చర్మం మండేలా చేసిన సంగతి చెప్పాను. అది నవ్వలేదు. “ఎవరి కంట్లో నిలబడి సూసి నలుపు తక్కువని అనుకున్నారు పెద్దమ్మా?” అంది.

దాని చదువంతా ఆ ప్రశ్నే. ఒకరోజు చిక్కుడుకాయలకు ఈనెలు తీస్తూ, నీ పరిశోధన నాకు తెలిసేలా చెప్పమని అడిగాను. “ఒక ఓడ వచ్చిందనుకో. ఓడలో ఉండేటోడు ఒడ్డును సూసి రాస్తాడు. ఈడ అడివి ఉండాది, నల్లోళ్లు ఉండారు, వాళ్లకేం తెలీదు అని రాస్తాడు. నేను సిన్నప్పుడు సదువుకున్న పుస్తకాలన్నీ ఓడలో కూసోని రాసినవే. ఓడ ఒడ్డుకు తగిలిన దినమే మేం పుట్టినట్టు. మరి ఒడ్డున నిలబడి ఓడను సూసినోళ్లు ఉండారు గదా? వాళ్లు దేన్ని మంచి అనుకున్నారు, దేన్ని సెడు అనుకున్నారు? సావు అంటే ఏమనుకున్నారు, కాలం అంటే ఏమనుకున్నారు? అది నేను రాయాల.” ఆఫ్రికాను అంచున కాకుండా నడిమధ్యన పెట్టి చరిత్రనూ ఆలోచననూ చూడాలనే పండితులు ఉన్నారట. తాను వాళ్ల దారిలో నడుస్తోందట. ఈజిప్టు గురించి చెప్పింది, మా బైబిల్లో ఐగుప్తు అంటాం. నైలు నది ఒడ్డున అంత గొప్ప రాజ్యాన్ని కట్టినవాళ్లు నల్లవాళ్లని, తమ వాళ్లేనని, ఒప్పుకోనివాళ్లు ఇంకా ఉన్నారని అంది. నాకు తల తిరిగింది. నాకు తెలిసిన ఐగుప్తు దాసుల ఇల్లు. ఫరో అంటే గుండె రాయి చేసుకున్న అక్కడి రాజు. ఆదివారం ఆదివారం మేము ఐగుప్తు నుంచి బయటపడిన పాటలే పాడతాం. “నువ్వు ఐగుప్తులోకి పోవాలంటావు, మేం ఐగుప్తులోంచి బయటికి పోవాలంటాం. ఇద్దరం దోవలో ఎదురుపడతాంలే,” అన్నాను. దానికి ఈ మాట ఎంత నచ్చిందో, తన స్నేహితులందరికీ ఫోనులో చెప్పింది.

ఇంకో రోజు మండిపోతూ వచ్చింది. ఎక్కడో సభలో ఒక పెద్దమనిషి, మీ దగ్గర ఉన్నవి కథలూ సామెతలే కదమ్మా, తత్వం ఎక్కడిది, రాతే లేనివాళ్లకు తత్వం ఎట్లా వస్తుంది అన్నాడట. నా గిన్నెలన్నీ లాక్కుని తోమింది, తపేలా అడుగు తెల్లబడేదాకా తోమింది. “రాయనోళ్లకు ఆలోచన లేదంట పెద్దమ్మా. మా వాళ్లు నోట్లో దాసిపెట్టినారు. పేర్లలో దాసిపెట్టినారు, డప్పులో దాసిపెట్టినారు,” అంది. వాళ్ల పెద్దల లెక్కలో చనిపోయినవాళ్లు వెంటనే పోరట. వాళ్లను ఎరిగినవాళ్లు, పేరు పెట్టి పిలిచేవాళ్లు ఉన్నంతకాలం ఇంట్లోనే ఉంటారు. పిలిచే చివరి మనిషి కూడా పోయినప్పుడు వాళ్లు రెండోసారి చనిపోతారు. అప్పుడిక ఇంటి మనుషులు కారు, పాతకాలంలో కలిసిపోతారు. ఆ మాట విన్నప్పుడు నేను గిన్నెలు బోర్లిస్తున్నాను. బోర్లిస్తూనే పోయాను. మునగచెట్టు కింద అది చెంబు వంచి నా నోటి వైపు చూసినప్పుడు మాత్రం ఆ మాట గుర్తొచ్చింది. మా వాళ్లను పిలవాల్సిన చివరి మనిషిని నేనే. నా దగ్గర వాళ్ల పేర్లు లేవు.

అవి ఒకప్పుడు ఉండేవి. పుత్తూరు దగ్గర మా పల్లెలో, పెద్దల అమావాస్య నాడు, మా అత్త నోట్లో ఉండేవి. మా ఇళ్లలో కోడళ్లు మొగుడి పేరు అనరు, అత్తమామల పేర్లు అసలే అనరు. ఇంట్లో పెద్దలకు పెట్టేటప్పుడు పేరు పెట్టి పిలవాలి, వండిపెట్టే కోడలు పిలవకూడదు, మగవాళ్లకు అన్ని తరాల పేర్లు నోటికి రావు. అందుకని ఆ పని ఇంట పుట్టిన ఆడబిడ్డది. ఎక్కడికి ఇచ్చి పెళ్లి చేసినా ఆ అమావాస్యకు పుట్టింటికి వచ్చి తన నోటితో పిలవాలి. మా అత్తను గూడూరు దగ్గర నిమ్మతోటల్లో పనిచేసే వాళ్లింటికి ఇచ్చారు. రైలు దిగి, బస్సెక్కి, బస్సు దిగి నడిచి వచ్చేది. ఆమె రాకముందే నిమ్మకాయల వాసన వచ్చేది. కొంగున మూటకట్టిన కాయలు సరే, ఆమె చేతులకూ చీరకూ జుట్టుకూ కూడా ఆ వాసన అంటుకుని ఉండేది. దాంతోపాటు పులికాట్ సరస్సు వైపు నుంచి వచ్చిన ఎండుచేపల పొట్లం ఒకటి. ఈ రెండు వాసనలూ కలిసి ఎక్కడైనా తగిలితే ఈ వయసులోనూ నేను గుమ్మం వైపు తిరిగి చూస్తాను.

అమ్మ తెల్లవారకముందే ఇల్లంతా పేడతో అలికేది. కొత్త కుండలో సంగటి కెలికేది, అలసందల వడలు కాల్చేది, నాయన తెచ్చిన కూర పొయ్యి మీద ఉడుకుతుంటే ధనియాల వాసనకు పక్కిళ్ల కుక్కలన్నీ మా వాకిట్లో చేరేవి. నాయన తప్పెటను గడ్డిమంట మీద కాచి, వేళ్లతో తట్టి చూసి, మళ్లీ కాచేవాడు. తోలు కాగే వాసన ఒక రకంగా ఉంటుంది, ఇష్టమని చెప్పలేం, కానీ నాయన దగ్గర ఉన్నాడని అర్థం. మధ్యాహ్నానికి అత్త స్నానం చేసి, తడి జుట్టు ముడేసుకుని, సంగటి ముద్దలు పెట్టిన చాట ముందు కూర్చునేది. నన్ను ఒళ్లో కూర్చోబెట్టుకునేది. నాయన ఒక దెబ్బ వేసేవాడు, అత్త ఒక పేరు పిలిచి ముద్ద మీద నీళ్లు చల్లేది. ఇంకో దెబ్బ, ఇంకో పేరు. అమ్మ తడిక వెనక నిలబడి కొంగు నోటికి అడ్డం పెట్టుకునేది. పేర్లన్నీ అయ్యాక అత్త గొంతు మారిపోయేది. బెదిరింపూ బతిమాలడమూ కలిసిన గొంతుతో, “తిన్నారా? తాగినారా? ఆకలని లేయొద్దండి. మా పిల్లోళ్లను సల్లగా సూడండి,” అనేది. ఆ చివరి మాటలు నాకు అక్షరం పొల్లుపోకుండా గుర్తున్నాయి. ముందువి ఒక్కటీ గుర్తులేదు.

గుర్తుండకుండా వాళ్లే జాగ్రత్తపడ్డారు. ఆ పేర్లు ఏడాదికి ఒక్కసారే అనాలి. ఊరికే అంటే ఆకలితో లేచి వస్తారని భయం. చిన్నపిల్లలు ఆటల్లో అనేస్తారని ఈడేరేదాకా నేర్పరు. ఒళ్లో కూర్చున్న నా చెవుల్ని అత్త తన రెండు మోచేతులతో మెల్లగా మూసేది. ఆమె రొమ్ములోంచి గుమ్మని శబ్దం నా వీపుకు తగిలేది, అంతే. “నువ్వు ఈడేరినాంక నా పక్కన కూసుందువు గానిలే. ఇంటికి ఆడబిడ్డవు, నువ్వు గాక ఇంకెవరు పిలుస్తారు?” అనేది. నేను ఎప్పుడెప్పుడు పెద్దమనిషిని అవుతానా అని ఎదురుచూసింది పట్టులంగా కోసం కాదు, ఆ పేర్ల కోసం.

ఆ మధ్యలో సైకిలు మీద పాస్టరు వచ్చాడు. ఆయన గురించి చెడుగా రాయలేను. మా పల్లెలోకి వచ్చి, మా కుక్కి మంచం మీద కూర్చుని, మా లోటాతో నీళ్లు తాగిన మొదటి బయటి మనిషి ఆయన. నాయనను “నీ పేరేందప్పా?” అని అడిగాడు. ఊళ్లో పెద్దింటివాళ్లకు నాయన పేరుతో పని లేదు. “ఒరే” అన్నా పలికేవాడు, కులం పేరు పెట్టి పిలిచినా పలికేవాడు. అడిగి, విని, “చెంగయ్యా” అని పిలిచిన ఆ మనిషి ముందు నాయన ఏడ్చాడని అమ్మ చెప్పేది. అడిగిన ఆ పేరును బాప్తిస్మం రోజున ఆయనే తీసేశాడు. నాయన యోహాను అయ్యాడు, అమ్మ సారమ్మ అయింది, నేను మార్త అయ్యాను. తప్పెట మూలకు పోయింది. చాట పెట్టడం, చచ్చినవాళ్లను పిలవడం సైతాను పనులని చెప్పారు. మాకు దొరికింది తక్కువేం కాదు. తలెత్తి నడిచాం, ఆదివారం ఉతికిన బట్ట కట్టుకున్నాం, ఎవరి వాకిట్లోనూ చేతులు కట్టుకుని నిలబడకుండా బతికాం. ఎఫువాకు ఇది చెప్పినప్పుడు, మా తాతముత్తాతలదీ ఇదే కథ అంది. దాని పాస్‌పోర్టులో పేరు గ్రేస్. శుక్రవారం పుట్టింది గనక ఇంట్లో పెట్టిన పేరు ఎఫువా. ఇంట్లో పెట్టిన పేరుతో పిలిస్తే పలకకూడదని వాళ్ల అమ్మను బడిలో కొట్టేవారట.

ఆ ఏడు అమావాస్యకు అత్త ఎప్పటిలాగే వచ్చింది. ఇల్లు అలకలేదు. మంట లేదు. నాయన గుమ్మంలో నిలబడి ఉన్నాడు.

“ఏందిరా తమ్ముడూ, నీళ్లన్నా కాగబెట్టలేదే?”

“అక్కా, ఇంగ వద్దక్కా. మేం ఏసు మతంలో కలిసినాం. ఈ పని ఇంగ ఈ ఇంట్లో జరగదు.”

“కలిస్తే కలిసినావు. నేనొద్దన్నానా? మీ దేవుడికీ ఒక దండం పెడతా, దాందేముండాది. ముద్ద పెడితే ఆయప్పకేమన్నా తక్కువైతాదా?”

నాయనకు ఏడుపు వచ్చేసింది.

“ఒరే, వాళ్లు ఏడాదికొకసారి వస్తారు. యాడికి పోతార్రా వాళ్లు? ఎవరింటికి పోయి అడుక్కుంటారు?”

నాయన ఏడుస్తూనే తలుపు దగ్గరికి వేశాడు. వేసి, దానికి వీపు ఆనించి కూర్చున్నాడు. అత్త వెళ్లిపోలేదు. వాకిట్లో, చాట లేకుండా, ముద్ద లేకుండా, తప్పెట దెబ్బ లేకుండా, నిలబడి పిలవడం మొదలుపెట్టింది. నాయన ప్రార్థన గట్టిగా ఎత్తుకున్నాడు. అక్క గొంతు వినబడకూడదని ఒక గొంతు, తమ్ముడి గొంతు దాటాలని ఇంకో గొంతు. నాకు రెండూ కలిసిపోయి ఒక్క మాటా తెలియలేదు. కానీ నేను అమ్మ వైపు చూశాను. అమ్మ తడికకు చెవి ఆనించి నిలబడింది. ఆమె పెదవులు కదులుతున్నాయి. బయట అత్త ఒక పేరు పిలవకముందే అమ్మ పెదవులు ఆ పేరుకు తిరుగుతున్నాయి. శబ్దం లేదు. అలా చివరిదాకా. ఆఖరున బయటి నుంచి “తిన్నారా, తాగినారా” అని వినబడలేదు. పెట్టనిది ఎట్లా అడుగుతుంది? నిమ్మకాయల మూట గడప మీద పెట్టి వెళ్లిపోయింది. మళ్లీ రాలేదు. నేను ఈడేరకముందే అక్కడ ఏదో జ్వరం వచ్చి పోయిందని, మట్టి అయిపోయాక కబురొచ్చింది.

పెళ్లయి తిరుపతి వచ్చాను, వంటపనిలో పడ్డాను, నాయన పోయాడు, అమ్మ నా దగ్గరే చివరిదాకా ఉంది. ఆమెను అడక్కుండా ఉంటానా? చాలాసార్లు అడిగాను.

“అమ్మా, నీకు ఆ పేర్లు తెలుసు.”

“తెలుసు.”

“సెప్పు మరి.”

“మామ పేరు కోడలు అంటాదా మే? నాలిక తెగిపోదూ!”

“అవన్నీ సైతాను మాటలని పాస్టరయ్య సెప్పినాడు గదా.”

“ఆయప్ప సాట వద్దన్నాడు, ముద్ద వద్దన్నాడు. మామ పేరు అనమని యాడ సెప్పినాడు?”

ఆసుపత్రిలో ఎవరైనా నీ భర్త పేరేమిటని అడిగితే ఆమె నావైపు చూసేది. నేను చెప్పాలి. నేను పక్కన లేకపోతే పేరు రాయించకుండా తిరిగొచ్చేది. ఒకసారి మరీ పట్టుబడితే, కిటికీలోంచి కొండ వైపు చెయ్యి చూపించి, “మీ తాత పేరులో అది ఉండాది,” అంది. కొండయ్యా, కొండన్నా, గిరప్పా, మలయ్యా అని నేను వరసగా అడుగుతూ పోతే, “సాల్లే, ఇంగ సెప్పిస్తావు నా సేత,” అని కొంగు నోట్లో కుక్కుకుని నవ్వింది. ఇద్దరం నవ్వాం. ఆ నవ్వుతోనే అయిపోయింది. ఆమె ప్రాణం పోయేటప్పుడు కూడా పెదవులు కదిలాయి. ప్రార్థన అనుకున్నారు అందరూ.

ఎఫువా నన్ను వదల్లేదు. వాళ్ల దగ్గర ఒక పక్షి బొమ్మ ఉంటుందట. కాళ్లు ముందుకు, తల వెనక్కి. మరిచిపోయినదాన్ని వెనక్కి పోయి తెచ్చుకోవడం తప్పు కాదని దాని అర్థమట. “పోదాం పద పెద్దమ్మా, గూడూరు ఎంత దూరం?” అని నన్ను రైలెక్కించింది. అత్త కొడుకు నాకన్నా ముసలివాడైపోయాడు. నిమ్మకాయలు పాకలో కుప్ప పోసి ఉన్నాయి, నేను ఒకటి తీసి ముక్కుకు ఆనించుకున్నాను. విషయం విని ఆయన చాలాసేపు తల గోక్కున్నాడు. “లేదు మే. మా యమ్మ ఆ పేర్లు మాకాడ ఎప్పుడూ అనలేదు. అవి మీ ఇంటి పేర్లు. మీ ఇంటి పెద్దల్ని తెచ్చి ఈ ఇంట్లో యాల పిలుస్తాది? మీ నాయన వద్దన్నాంక కూడా ఆ దినం ఒక్కపొద్దుండేది. సెరువు కట్ట మీదికి పోయి మీ ఊరి దిక్కు తిరిగి నిలబడేది. మేం దగ్గిరికి పోతే కసిరేది.” వచ్చేటప్పుడు నా కొంగులో కాయలు పోశాడు. రైల్లో ఎఫువా నా చెయ్యి పట్టుకుని కూర్చుంది. నేను అన్నాను, “పాపా, మీ పక్షి వెనక్కి తిరిగింది సరే. ఆడ ఏమీ లేకపోతే ఏం తెస్తాది? నోట్లో దాసినారని ఆ పెద్దమనిషితో కొట్లాడితివి గదా, నోట్లో దాసింది ఒక్క నోరు మూసుకుంటే సాలు.”

రైలు దిగేముందు ఎఫువా ఒక మాట చెప్పింది. వాళ్ల దగ్గర ఆఖరున కాసిని నీళ్లు మిగిల్చి, పేరు తెలియని పెద్దలారా, మీరూ రండి, తాగండి అంటారట. నువ్వూ అట్లా పిలవొచ్చు అంది. మంచి మనసుతోనే అంది. నా వల్ల కాలేదు. పేరు తెలియకుండా, అందరినీ కలిపి ఒక్క కేకలో పిలవడం. ఊరు మా వాళ్లను బతికినన్నాళ్లూ అట్లాగే పిలిచింది. వాళ్ల సొంత పేర్లతో పిలిచే చోటు ఏడాదికి ఒక్క మధ్యాహ్నం, మా అత్త నోట్లో, అంతే ఉండేది. చచ్చాక కూడా నేను వాళ్లను ‘ఒరే’ అనలేను.

ఎఫువా పట్టా పుచ్చుకుని పోయింది. గది ఖాళీగా ఉంది. దాని వాచకం నా దగ్గరే ఉంచి, మొదటి పుటలో తన పేరు తెలుగులో రాసి పోయింది. ఎఫువా అని. గ్రేస్ అని కాదు. దాని చేతిరాత చూస్తుంటే, చదువు నేర్చుకున్న కొత్తలో చర్చి వరండాలో జరిగిన ఒక సంగతి గుర్తొచ్చింది. మా ఆయన పేరు నేనూ జన్మలో అనలేదు. ఆయన పోయాక కూడా అనలేదు. ఒకరోజు చదువు చెప్పే అమ్మాయి మీ ఇంట్లోవాళ్ల పేర్లు రాయండి అంది. నేను కూర్చుని ఆయన పేరు రాసేశాను. తడుముకోలేదు, నాలుక కరుచుకోలేదు. పక్కనున్న ఆడవాళ్లూ అంతే, నోటితో అనలేని పేర్లన్నీ తలలు వంచుకుని సిగ్గుపడుతూ నవ్వుతూ రాసేశారు. నోటితో అనకూడదన్నారు గానీ చేత్తో రాయకూడదని మాకు ఎవరూ చెప్పలేదు. అప్పుడు ఎంత నవ్వుకున్నామో. ఇప్పుడు ఆ వాచకం ఒళ్లో పెట్టుకుని కూర్చుంటే తెలిసింది. మా అమ్మకు అక్షరాలు వచ్చి ఉంటే, ఏ నియమమూ తప్పకుండా, నాలుక తెగకుండా, అన్నీ రాసి ఇచ్చి ఉండేది. ఆమెకు చెప్పాలనే ఉండేది. కొండ వైపు చూపించిన ఆ చేతికి వేళ్లన్నీ బాగానే ఉన్నాయి. ఆ వేళ్లకు ఎవరూ బలపం ఇవ్వలేదు. నాకు చేత్తో రాయడం వచ్చే నాటికి రాయించేవాళ్లు లేరు.

మొన్న పెద్దల అమావాస్య వచ్చింది. మెస్సుకు సెలవు పెట్టాను. సంగటి కెలికాను, అలసందల వడలు కాల్చాను, ఎండుచేపలు వేయించాను, గూడూరు నిమ్మకాయ ఒకటి కోసి పక్కన పెట్టాను. చాట లేదు, స్టీలు పళ్లెంలో పెట్టుకుని మునగచెట్టు కిందికి పోయాను. మోకాళ్లు వంగలేదు, పీట వేసుకుని కూర్చున్నాను. చెంగయ్య అన్నాను, యోహాను అనలేదు. పెంచలమ్మ అన్నాను. అమ్మను మాత్రం సారమ్మ అనే పిలిచాను. బాప్తిస్మానికి ముందు ఆమె పేరేమిటో నాకు తెలియదు. నాయన ఎప్పుడూ ఆమెను పేరు పెట్టి పిలవలేదు. ఆ తర్వాత చెంబు పట్టుకుని ఊరికే కూర్చున్నాను. గోడ అవతల రత్నమ్మ “ఎవరితో మాట్లాడతాండావక్కా?” అంది. ఎవరితోనూ లేదన్నాను. పిలవని పేరంటానికి మా వాళ్లు రారు. పేదవాళ్లే గానీ మానం గలవాళ్లు. అది తెలిసి కూడా, అత్త ఆ వాకిట్లో అడగకుండా పోయిన మాట ఎవరో ఒకరు అడగాలి కదా అనిపించి, ఆమె గొంతుతోనే, తిన్నారా, తాగినారా అని అడిగాను. చెంబు వంచాను. నీళ్లు నేలలో ఇంకిపోయాయి. ఎవరు తాగారో చెప్పడానికి నా దగ్గర పేర్లు లేవు.